మార్కులు కుదిరినా టైమింగ్ తప్పుతుంది: పాత ఇంజన్‌కు బెల్ట్ ఎక్కించడంలోని చిక్కులు

పాత కారుకు టైమింగ్ బెల్ట్ (పిస్టన్ల కదలికనూ వాల్వుల కదలికనూ కలిపి నడిపే పళ్ల బెల్ట్) మార్పించాక చాలామంది చెప్పే బాధ ఒకేలా ఉంటుంది. బండి స్టార్ట్ అవుతుంది, నడుస్తుంది, కానీ మునుపటి పికప్ లేదు. సిగ్నల్ దగ్గర ఆగితే ఇంజన్ వణుకుతుంది. ఘాట్ రోడ్డు ఎక్కాలంటే గేరు దించక తప్పదు. పెట్రోలు ఎక్కువ తాగుతోంది. షెడ్డుకు వెళ్లి అడిగితే "మార్కులన్నీ కరెక్ట్‌గానే పెట్టాం సార్" అంటారు. చాలాసార్లు వాళ్లు చెప్పేది నిజమే. బెల్ట్ తిరిగే పుల్లీల మీది గుర్తులు, అంటే మార్కులు, ఎదురెదురుగానే ఉంటాయి. అయినా టైమింగ్ తప్పి ఉంటుంది.

ఇది ఎలా సాధ్యం? పుల్లీ మీద గీత ఒక గుర్తు మాత్రమే. ఆ గీత దేనికోసం పెట్టారు, దేనికి ఎదురుగా రావాలి, బెల్ట్ ఏ స్థితిలో ఉన్నప్పుడు దాన్ని చూడాలి అన్న మూడు విషయాలూ తెలిస్తేనే అది పనికొస్తుంది. ఇందులో ఏ ఒక్కటి తెలియకపోయినా, ఎంత జాగ్రత్తగా గీతలు కలిపినా ఇంజన్ లోపల లెక్క తప్పుతుంది. ముఖ్యంగా మూడోదాన్ని, అంటే బెల్ట్ బిగువును, పట్టించుకోకపోవడమే ఎక్కువ పనులను చెడగొడుతోందని నా నమ్మకం.

ఉదాహరణకు మొదటి తరం హోండా సిటీని తీసుకుందాం. 1998లో మన దేశంలో అమ్మకాలు మొదలై 2003 దాకా సాగిన ఆ కారులో హోండా డి సిరీస్ ఇంజన్ ఉంటుంది. నాలుగు సిలిండర్లు, హెడ్ (సిలిండర్ల పైన బిగించే భాగం) మీద ఒకే క్యామ్‌షాఫ్ట్, దాన్ని తిప్పడానికి పళ్ల బెల్ట్. దాని తర్వాత వచ్చిన సిటీలో బెల్ట్ పోయి చైన్ వచ్చింది. బాగా చూసుకున్న పాత సిటీలు ఇప్పటికీ రోడ్డు మీద కనిపిస్తాయి, వాటిని ప్రేమగా కాపాడుకునేవాళ్లూ ఉన్నారు. టైమింగ్ మార్కుల విషయంలో మనిషిని తికమకపెట్టే అంశాలు దాదాపు అన్నీ ఈ ఒక్క ఇంజన్‌లోనే దొరుకుతాయి.

బెల్ట్ కాపాడే లెక్క

పిస్టన్లు పైకీ కిందికీ కదులుతూ క్రాంక్‌షాఫ్ట్‌ను తిప్పుతాయి. క్యామ్‌షాఫ్ట్ తిరుగుతూ వాల్వులను తెరిచి మూస్తుంది. క్రాంక్ రెండు చుట్లు తిరిగితే క్యామ్ ఒక చుట్టు తిరగాలి. అందుకే క్యామ్ పుల్లీకి క్రాంక్ పుల్లీకన్నా సరిగ్గా రెట్టింపు పళ్లు ఉంటాయి. ఈ సంబంధం ఎప్పుడూ జారిపోకుండా చూడడమే బెల్ట్ పని.

ఒక పన్ను తప్పితే ఏమవుతుందో లెక్క వేసి చూద్దాం. క్రాంక్ పుల్లీకి 20 పళ్లు ఉన్నాయనుకోండి. 360ని 20తో భాగిస్తే 18. అంటే ఒక్క పన్ను పక్కకు పడితే వాల్వులు తెరుచుకునే సమయం క్రాంక్ లెక్కలో 18 డిగ్రీలు ముందుకో వెనక్కో వెళ్తుంది. క్యామ్ ముందుకు జరిగితే తక్కువ వేగంలో బండి చురుగ్గా ఉన్నట్టు అనిపించి, పై వేగాల్లో ఊపిరి అందనట్టు చతికిలబడుతుంది. వెనక్కి జరిగితే కింద వేగాల్లోనే నీరసం, ఐడిలింగ్‌లో కుదుపు. ఒక పన్ను తప్పినా చాలా ఇంజన్లు స్టార్ట్ అవుతాయి. బండి నడుస్తోంది కాబట్టి బెల్ట్ మీద ఎవరికీ అనుమానం రాదు, ప్లగ్గులూ ఫ్యూయల్ ఫిల్టరూ మారుస్తూ పోతారు.

ఇంకో ప్రమాదం కూడా ఉంది. హోండా డి సిరీస్‌లో, వాల్వు తెరిచి ఉండగా పిస్టన్ పైకి వస్తే రెండూ గుద్దుకుంటాయి. బెల్ట్ తెగినా, ఎక్కువ పళ్లు తప్పినా వాల్వులు వంగుతాయి, ఆపైన హెడ్ విప్పే ఖర్చు. అన్ని ఇంజన్లూ ఇలాంటివి కావు, కొన్నింటిలో తగలనంత ఖాళీ ఉంటుంది. మీ ఇంజన్ ఏ రకమో ఖాయంగా తెలియకపోతే తగిలే రకమనే అనుకుని పని చెయ్యడం మంచిది.

క్రాంక్ పుల్లీ మీద ఏ గీత?

సిటీలో క్రాంక్ చివర కనిపించే పెద్ద పుల్లీ అంచున ఒకటి కాదు, నాలుగు గీతలు ఉంటాయి. మూడు దగ్గరదగ్గరగా గుంపుగా ఉంటాయి, వాటి మధ్య గీతకు ఎర్ర రంగు. కాస్త దూరంగా ఒంటరిగా ఇంకొకటి, దానికి తెల్ల రంగు. ఇరవై ఏళ్ల నూనె, దుమ్ము పట్టాక ఎరుపూ తెలుపూ రెండూ ఒకే మట్టి రంగులోకి వస్తాయి.

ఎర్ర గీత గుంపు ఇగ్నిషన్ కోసం. ఇంజన్ నడుస్తుండగా టైమింగ్ లైట్ వేసి, ప్లగ్‌లో స్పార్క్ ఎప్పుడు పడుతోందో చూడడానికి. స్పార్క్ పిస్టన్ పైకి చేరకముందే పడాలి కాబట్టి ఆ గుంపు టీడీసీకి (పిస్టన్ పూర్తిగా పైకొసకు చేరే స్థానానికి) కొన్ని డిగ్రీల ముందు ఉంటుంది. బెల్ట్ వేసేటప్పుడు కావాల్సింది ఒంటరిగా ఉన్న తెల్ల గీత. మొదటి పిస్టన్ పూర్తిగా పైన ఉండే స్థానం అది. మూడు గీతలు కొట్టొచ్చినట్టు కనిపిస్తాయి గనక చేయి వాటి మీదికే పోతుంది. ఎర్ర గీత పెట్టి బెల్ట్ ఎక్కిస్తే దాదాపు ఒక పన్ను తేడా అక్కడే వచ్చేస్తుంది. "మార్కులు కరెక్ట్" అన్న మాట నిజమై, టైమింగ్ తప్పు కావడానికి ఇది అన్నిటికన్నా మామూలు దారి.

సరైన గీతే పెట్టినా దాన్ని గుడ్డిగా నమ్మకూడదు. చాలా కార్లలో ఈ బయటి పుల్లీ ఒకే ముక్క కాదు. లోపల ఒక బొడ్డు, బయట ఒక రింగు, మధ్యలో రబ్బరు. క్రాంక్ అదురును తగ్గించడానికి అలా చేస్తారు. రబ్బరు వయసైపోయి వదులైతే బయటి రింగు బొడ్డు మీద జారి తిరుగుతుంది. గీత రింగు మీద ఉంటుంది, క్రాంక్‌తో గట్టిగా కలిసి ఉండేది బొడ్డు. అప్పుడు గీత ఒకచోట, పిస్టన్ ఒకచోట.

కాబట్టి బయటి పుల్లీ గీతను దారి చూపడానికి మాత్రమే వాడాలి. పుల్లీ, కింది కవరు తీశాక లోపల చిన్న పళ్ల పుల్లీ కనిపిస్తుంది. దాని మీద గుర్తు, దానికి ఎదురుగా ఆయిల్ పంప్ బాడీ మీద బాణం గుర్తు ఉంటాయి. చివరి తీర్పు వాటిదే. ఆ చిన్న పుల్లీని క్రాంక్‌తో కలిపే కీ ముక్క, అది కూర్చునే గాడి కూడా చూడాలి. ఎప్పుడో ఎవరో సెంటర్ బోల్ట్ సరిగా బిగించక వదిలేసి ఉంటే ఆ గాడి అరిగి, కీ ఊగుతూ ఉంటుంది. అలాంటి క్రాంక్ మీద మార్కులు పెట్టినా మర్నాడు మళ్లీ జరుగుతాయి.

సిటీలో ఆ సెంటర్ బోల్ట్ విప్పడమే పెద్ద యుద్ధం. పుల్లీ మధ్యలో 50 మి.మీ. ఆరు పలకల గుంట ఉంటుంది, అందులో పట్టే హోల్డర్ వాడి, పొడవాటి రాడ్‌తో విప్పాలి. బోల్ట్‌కు రాడ్ తగిలించి సెల్ఫ్ కొట్టి వదులు చేసే పద్ధతి కొన్ని షెడ్లలో ఉంది. అది ఎక్కడైనా ప్రమాదమే, ఈ ఇంజన్ మీద అయితే పనికూడా చెయ్యదు, ఎందుకంటే ఇది గడియారం ముల్లుకు ఎదురు దిశలో తిరుగుతుంది. సెల్ఫ్ కొడితే బోల్ట్ ఇంకా బిగుసుకుంటుంది.

పైన క్యామ్ పుల్లీ, ఒక అపోహ

క్యామ్ పుల్లీ మీద 'అప్' అని రాసి ఉంటుంది. అది పైకి ఉండాలి. దానికి తోడు పుల్లీ అంచున రెండు పక్కలా రెండు గీతలు ఉంటాయి, అవి హెడ్ పై అంచుతో సమానంగా రావాలి. 'అప్' పైకి ఉందా లేదా అన్నది సుమారు చూపు. అసలు కొలత ఆ రెండు గీతలదే. తల పక్కకు వంచి పై నుంచి చూస్తే గీత అంచుకు కాస్త పైనో కిందో ఉన్నట్టు కనిపిస్తుంది. కన్ను సరిగ్గా హెడ్ అంచు ఎత్తుకు తెచ్చి చూడాలి. ఇంజన్ కంపార్ట్‌మెంట్‌లో తల దూర్చే చోటు లేకపోతే ఫోన్ కెమెరాను ఆ ఎత్తులో పెట్టి ఫొటో తీసి చూడొచ్చు. స్టీలు స్కేలు ఒకటి రెండు గీతల మీదుగా అడ్డంగా ఆనిస్తే ఇంకా నయం.

ఇక అపోహ సంగతి. "క్యామ్ 180 డిగ్రీలు తిరగబడి ఉంది, బెల్ట్ తప్పు పడింది" అని చాలామంది కంగారు పడతారు. క్రాంక్ గుర్తు సరిగ్గా ఉంది, కానీ పైన 'అప్' తలకిందులుగా ఉంది. వెంటనే బెల్ట్ విప్పేస్తారు. ఆగండి. క్రాంక్‌ను ఇంకొక్క పూర్తి చుట్టు తిప్పండి. క్యామ్ అర చుట్టు తిరిగి 'అప్' పైకి వస్తుంది, క్రాంక్ గుర్తు మళ్లీ అక్కడే ఉంటుంది. రెండు చుట్లకు ఒకసారి మాత్రమే రెండు మార్కులూ ఒకేసారి కలుస్తాయి. మీరు చూసింది మధ్య చుట్టు, అంతే.

ఈ ఇంజన్‌లో ప్లగ్గులకు స్పార్క్ పంచే డిస్ట్రిబ్యూటర్‌ను కూడా క్యామ్‌షాఫ్టే రెండో కొస నుంచి నేరుగా తిప్పుతుంది. కలిసే చోట పన్ను మధ్యకు కాకుండా పక్కకు జరిపి చేసి ఉంటుంది, అందుకే డిస్ట్రిబ్యూటర్ ఒకే తీరులో కూర్చుంటుంది. స్పార్క్ ఎప్పుడూ క్యామ్‌నే అంటిపెట్టుకుని ఉంటుంది. కాబట్టి సిటీలో బెల్ట్ వేయడంలో 180 డిగ్రీల తప్పు అన్నదే లేదు.

అయితే ఇదే సూత్రాన్ని ప్రతి ఇంజన్‌కూ అంటగడితే దెబ్బ తింటాం. ఫోక్స్‌వ్యాగన్ పాత గోల్ఫ్‌లోని ఈఏ827 ఇంజన్‌లో క్రాంక్‌కూ క్యామ్‌కూ మధ్య మూడో పుల్లీ ఉంటుంది. అది ఇంటర్మీడియట్ షాఫ్ట్‌ను తిప్పుతుంది, డిస్ట్రిబ్యూటర్‌ను ఆ షాఫ్ట్ తిప్పుతుంది. అక్కడ క్యామ్ ఒక వైపు, ఇంటర్మీడియట్ షాఫ్ట్ ఇంకో వైపు అర చుట్టు తేడాతో కూర్చుంటే వాల్వుల టైమింగ్ ఖచ్చితంగా ఉన్నా, స్పార్క్ పొగ బయటికి పోయే స్ట్రోక్ చివర పడుతుంది. ఇంజన్ స్టార్ట్ కాదు. అందుకే అందులో మూడు మార్కులూ చూడాలి.

బిగువు: పని చెడేది ఇక్కడే

బెల్ట్‌కు రెండు వైపులు ఉంటాయి. ఇంజన్ తిరిగే దిశలో చూస్తే, క్యామ్ నుంచి కిందికి క్రాంక్ వైపు వచ్చేది లాగుడు వైపు. క్రాంక్ ఆ వైపునే పట్టి లాగి క్యామ్‌ను తిప్పుతుంది. క్రాంక్ నుంచి పైకి క్యామ్ వైపు వెళ్లేది వదులు వైపు. బెల్ట్‌ను నొక్కి బిగువుగా ఉంచే టెన్షనర్ వదులు వైపునే ఉంటుంది.

టైమింగ్‌ను నిర్ణయించేది లాగుడు వైపు ఉన్న పళ్ల సంఖ్య మాత్రమే. కొత్త బెల్ట్ ఎక్కించేటప్పుడు లాగుడు వైపు కొంచెం వదులు ఉండిపోయిందనుకోండి. రెండు మార్కులూ చక్కగా ఎదురెదురుగా కనిపిస్తాయి. ఇంజన్ తిరగడం మొదలుపెట్టగానే క్రాంక్ ముందు ఆ వదులును లాగుకుంటుంది, ఆ తర్వాతే క్యామ్ కదులుతుంది. అంతలో క్యామ్ ఒక పన్ను వెనకబడుతుంది. నిలబడి ఉన్నప్పుడు సరిగ్గా కనిపించిన మార్కులు, తిరిగాక తప్పు అవుతాయి. ఇందులో మార్కుల దోషం లేదు. చూసిన సమయం తప్పు.

అందుకే బెల్ట్ ఎక్కించేటప్పుడు లాగుడు వైపు ఒక్క మిల్లీమీటరు వదులు కూడా లేకుండా పళ్లు కూర్చోబెట్టి, మిగిలిన వదులంతా టెన్షనర్ వైపుకు తోయాలి. కొన్నిసార్లు మార్కులు పెట్టాక లాగుడు వైపు బెల్ట్ ఒక పన్నుకు కొంచెం పొట్టిగానో పొడుగుగానో అనిపిస్తుంది. అప్పుడు క్యామ్ పుల్లీని వెంట్రుకవాసి ముందుకో వెనక్కో కదిపి బెల్ట్ పన్నును గాడిలోకి దించి, తర్వాత పుల్లీని వదిలి మళ్లీ గీతలు చూడాలి.

సిటీ ఇంజన్ ఎదురు దిశలో తిరుగుతుందని పైన చెప్పాను. మన దేశంలో ఎక్కువ మంది మెకానిక్‌ల చేయి మారుతీ 800, జెన్, ఎస్టీమ్ మీద తిరిగింది. ఆ సుజుకీ ఇంజన్లు గడియారం ముల్లు దిశలో తిరుగుతాయి. ఆ అలవాటుతో హోండాను కూడా అదే దిశలో తిప్పితే లాగుడు వైపు, వదులు వైపు తారుమారవుతాయి. వదులంతా తప్పు వైపుకు చేరిన బెల్ట్ మీద టెన్షనర్ బిగిస్తారు. మార్కుల మీద ఎంత శ్రద్ధ పెట్టినా అది వృథా.

డి సిరీస్‌కు హోండా చెప్పిన పద్ధతి ఇదీ: బెల్ట్ వేశాక క్రాంక్‌ను ఎదురు దిశలో ఐదారు చుట్లు చేత్తో తిప్పాలి, బెల్ట్ తన చోట సర్దుకుంటుంది. మొదటి పిస్టన్‌ను మళ్లీ టీడీసీకి తెచ్చి, టెన్షనర్ బోల్ట్‌ను కాస్త వదులు చెయ్యాలి. క్యామ్ పుల్లీ మీద మూడు పళ్లు కదిలేంత వరకు క్రాంక్‌ను ఎదురు దిశలో తిప్పి, అక్కడే ఆపి టెన్షనర్ బోల్ట్ బిగించాలి.

మూడు పళ్లు ఎందుకు? సరిగ్గా టీడీసీ దగ్గర క్యామ్ మీద వాల్వు స్ప్రింగుల తోపుడు అటూ ఇటూ ఊగుతుంటుంది, బెల్ట్ నిజంగా లాగబడి ఉందో లేదో తెలియదు. మూడు పళ్లు ముందుకు నడిపితే క్యామ్ లోబ్‌లు (వాల్వులను నొక్కే ఉబ్బులు) స్ప్రింగులను అణచడం మొదలుపెడతాయి, ఆ బరువును క్రాంక్ లాగుతుంది. లాగుడు వైపు తంతిలా బిగుస్తుంది, మిగిలిన వదులంతా టెన్షనర్ దగ్గరికి వస్తుంది. టెన్షనర్ స్ప్రింగ్ దాన్ని సరిపడా నొక్కుతుంది. ఆ క్షణంలో బోల్ట్ బిగిస్తే బిగువు సరిగ్గా కుదురుతుంది. ఈ స్థితిలో మార్కులు సహజంగానే పక్కకు వెళ్లి ఉంటాయి. అది చూసి "జంప్ అయింది" అని కంగారుపడి మళ్లీ విప్పక్కర్లేదు.

సుజుకీ పాత జి సిరీస్ ఇంజన్లలో ఇదే సమస్యకు వేరే పరిష్కారం. అక్కడ ముందుగానే రాకర్ల (క్యామ్ కదలికను వాల్వులకు అందించే చేతుల) స్క్రూలు వదులు చేస్తారు. వాల్వు స్ప్రింగుల బరువు క్యామ్ మీద పడకుండా పోతుంది, క్యామ్ తేలికగా తిరుగుతుంది. అప్పుడు స్ప్రింగ్ టెన్షనర్ బెల్ట్‌ను అంతటా సమానంగా లాగగలదు. క్రాంక్‌ను గడియారం ముల్లు దిశలో రెండు చుట్లు తిప్పి టెన్షనర్ బిగించి, తర్వాత వాల్వు క్లియరెన్సులు (రాకర్‌కూ వాల్వుకూ మధ్య ఉండాల్సిన ఖాళీ) మళ్లీ సెట్ చేస్తారు. హడావుడిలో ఈ రాకర్ పని మానేసేవాళ్లు ఉన్నారు. ఆ తేడా బెల్ట్ మూలుగులోనో, వదులు బెల్ట్ కవర్‌కు రాసుకునే చప్పుడులోనో బయటపడుతుంది.

రెండు చుట్లు, ఆ తర్వాతే తీర్పు

టెన్షనర్ బిగించాక క్రాంక్‌ను ఇంజన్ దిశలోనే రెండు పూర్తి చుట్లు చేత్తో తిప్పి, మళ్లీ మార్కులు చూడాలి. ప్లగ్గులు విప్పేస్తే కంప్రెషన్ అడ్డం ఉండదు, తిప్పడం తేలిక. ఎక్కడైనా గట్టిగా తగిలితే బలం పెట్టకుండా అక్కడే ఆగాలి. అది పిస్టన్ వాల్వును తాకిన చోటు కావచ్చు. సెల్ఫ్ మోటారుకు ఈ తేడా తెలియదు. అందుకే మొదటి తిప్పుడు ఎప్పుడూ చేత్తోనే. మార్కును కొద్దిగా దాటిపోతే వెనక్కి తిప్పి సరిచేయకూడదు, వెనక్కి తిప్పగానే లాగుడు వైపు వదులవుతుంది. ఇంకో రెండు చుట్లు ముందుకే తిప్పి మెల్లగా మార్కు దగ్గరికి రావాలి.

కొన్ని కార్ల బెల్ట్ మీదే తెల్ల గీతలు ముద్రించి ఉంటాయి, పుల్లీల మార్కులకు వాటిని కలిపి ఎక్కించమని. రెండు చుట్లు తిప్పాక ఆ గీతలు ఎక్కడికో వెళ్లిపోతాయి. పుల్లీల మార్కులు సరిగ్గా ఉంటాయి, బెల్ట్ గీతలు మాత్రం కలవవు. భయపడే పని లేదు. ఉదాహరణకు బెల్ట్‌కు 103 పళ్లు, క్రాంక్ పుల్లీకి 20 పళ్లు అనుకుంటే, బెల్ట్ గీత మళ్లీ క్రాంక్ మార్కు దగ్గరికి రావడానికి 103 చుట్లు పడుతుంది. క్యామ్ కూడా కలవాలంటే 206. ఆ గీతలు ఎక్కించేటప్పుడు సాయానికే, తర్వాత చూడడానికి కాదు.

రెండు చుట్లు తిప్పాక క్యామ్ గీత పన్నుకన్నా తక్కువ తేడాతో పక్కకు కనిపిస్తే ఏం చేయాలి? బెల్ట్ పన్ను గాడిలో ఉంటుంది లేదా పక్క గాడిలో ఉంటుంది, మధ్యలో ఉండలేదు. అంటే పన్నుకన్నా తక్కువ తేడాకు కారణం బెల్ట్ వేసిన తీరు కాదు. ఒకటి, చూసే కోణం. రెండు, బయటి పుల్లీ గీతను నమ్మడం. మూడు, కారుకు సరిపోని బెల్ట్. నాలుగోది మన దగ్గర చాలా మామూలు: హెడ్‌ను లేతు షాపులో కోయించడం. ఇంజన్ వేడెక్కి గ్యాస్కెట్ పోయినప్పుడల్లా హెడ్ అడుగు కొంత కోస్తారు. ప్రతిసారీ క్యామ్ ఆ మేరకు క్రాంక్‌కు దగ్గరవుతుంది, లాగుడు వైపు దూరం తగ్గుతుంది, క్యామ్ కొద్దిగా వెనకబడుతుంది. రెండు, మూడుసార్లు హెడ్ కోయించిన బండి అయితే ఆ సంగతి బెల్ట్ వేసేవాళ్లకు ముందే చెప్పాలి.

పిస్టన్ నిజంగా పైనే ఉందా?

ఏ గీత మీదా నమ్మకం లేని పరిస్థితి వస్తే పిస్టన్‌నే అడగాలి. మొదటి సిలిండర్ బెల్ట్ వైపున ఉంటుంది. దాని ప్లగ్ విప్పి, ప్లాస్టిక్ పుల్ల ఒకటి దించి, క్రాంక్ మెల్లగా తిప్పుతూ అది పైకి లేచే తీరు చూస్తారు. దాదాపుగా తెలుసుకోవడానికి ఇది చాలు. ఖచ్చితంగా తేల్చుకోవడానికి చాలదు.

ఉయ్యాల పైకొసకు చేరినప్పుడు క్షణం నిలిచినట్టు, పిస్టన్ కూడా టీడీసీ దగ్గర నిలిచిపోయినట్టే ఉంటుంది. సిటీ 1.5 ఇంజన్‌లో పిస్టన్ నడక 84.5 మి.మీ. లెక్క వేస్తే, క్రాంక్ టీడీసీ నుంచి 5 డిగ్రీలు కదిలినా పిస్టన్ దిగేది 0.2 మి.మీ. మాత్రమే. పుల్ల మీద ఆ తేడా కంటికి ఆనదు.

దీనికి పాత మేస్త్రీలు వాడే పద్ధతి చక్కటిది. ప్లగ్ రంధ్రంలో పిస్టన్‌ను పైకొసకు కొంచెం ముందే ఆపే అడ్డం ఒకటి బిగిస్తారు. క్రాంక్‌ను ఒక దిశలో మెల్లగా, అది అడ్డానికి ఆనేదాకా తిప్పి పుల్లీ మీద గీత పెడతారు. తర్వాత రెండో దిశలో ఆనేదాకా తిప్పి ఇంకో గీత. ఆ రెంటికీ సరిగ్గా మధ్య బిందువే అసలు టీడీసీ. పిస్టన్ వేగంగా కదిలే చోట కొలుస్తాం కాబట్టి తప్పుకు చోటుండదు. పుల్లీ రింగు జారిందో లేదో కూడా దీంతో తేలిపోతుంది. ఇది బెల్ట్ బిగించకముందు చేస్తే వాల్వులు పిస్టన్‌కు అడ్డం పడొచ్చు కాబట్టి, పాత బెల్ట్ ఇంకా ఉండగానే చేయడం మంచిది.

బెల్ట్ అప్పటికే తెగిపోయి క్యామ్ ఎక్కడో ఉంటే ఇంకో జాగ్రత్త. క్రాంక్‌ను టీడీసీ నుంచి పావు చుట్టు పక్కకు తిప్పితే నాలుగు సిలిండర్ల ఇంజన్‌లో నాలుగు పిస్టన్లూ మధ్యలోకి దిగుతాయి, వాల్వులకు ఏదీ తగలదు. అప్పుడు క్యామ్‌ను దాని మార్కుకు తెచ్చి, ఆ తర్వాత క్రాంక్‌ను దగ్గరి దారిలో టీడీసీకి తీసుకురావాలి.

డిస్ట్రిబ్యూటర్ దాచే తప్పు

బెల్ట్ పన్ను తప్పిందో లేదో కవర్ విప్పకుండానే అనుమానించడానికి సిటీలో ఒక దారి ఉంది, అది చాలామందికి తట్టదు. డిస్ట్రిబ్యూటర్ క్యామ్‌కు అంటి ఉంటుందని చెప్పాను. క్యామ్ ఒక పన్ను వెనకబడితే స్పార్క్ కూడా అంతే వెనకబడుతుంది. మెకానిక్ టైమింగ్ లైట్ వేసి చూస్తే ఇగ్నిషన్ తేడా కనిపిస్తుంది. డిస్ట్రిబ్యూటర్‌ను దాని గాడిలో తిప్పి లైట్‌లో ఎర్ర గీతకు తెస్తారు. స్పార్క్ సరైపోతుంది, బండి కాస్త మెరుగవుతుంది. వాల్వులు మాత్రం తప్పుగానే తెరుచుకుంటూ ఉంటాయి. జబ్బు లక్షణం పోయింది, జబ్బు మిగిలింది.

అందుకే బెల్ట్ పని తర్వాత డిస్ట్రిబ్యూటర్ బోల్ట్ దాని పొడవాటి గాడిలో ఎక్కడుందో చూడండి. సరిగ్గా వేసిన బెల్ట్‌కు అది సాధారణంగా మధ్య ప్రాంతంలో ఉంటుంది. ఇగ్నిషన్ సరిగ్గా రావడానికి దాన్ని గాడి ఈ కొసకో ఆ కొసకో నెట్టాల్సి వచ్చిందంటే, ముందు బెల్ట్‌ను అనుమానించాలి. బెల్ట్ విప్పకముందు డిస్ట్రిబ్యూటర్ ఎక్కడుందో పెన్నుతో ఒక గీత పెట్టుకుంటే, పని అయ్యాక ఈ పోలిక చేయడం మరీ సులువు. ఈ ఒక్క అలవాటు ఎంతోమంది డబ్బు, సమయం కాపాడుతుంది.

పాత బెల్ట్ విప్పకముందు దాని మీదా పుల్లీల మీదా వైట్‌నర్‌తో గుర్తులు పెట్టి, పళ్లు లెక్కపెట్టి, వాటిని కొత్త బెల్ట్ మీదికి ఎక్కించే పద్ధతి కూడా మంచిదే. కాకపోతే అది పాత బెల్ట్ సరిగ్గా ఉందన్న నమ్మకం మీద నిలబడి ఉంది. చేతులు మారిన బండి అయితే ఆ నమ్మకం పెట్టుకోలేం. పాతది తప్పుగా ఉంటే ఆ తప్పునే జాగ్రత్తగా కొత్త బెల్ట్‌కు అప్పగిస్తాం.

ఒక బండి తెలివి ఇంకో బండికి రాదు

సిటీ మీద చేయి తిరిగినవాళ్లు సుబారు ఈజే ఇంజన్ ముట్టుకుంటే మళ్లీ మొదటి నుంచి నేర్చుకోవాలి. అమెరికా, ఆస్ట్రేలియాల్లో పాత సుబారు కొనుక్కుని సొంతంగా పని చేసుకునే మన కుర్రాళ్లకు ఇది అక్కరకొస్తుంది. ఆ క్రాంక్ పుల్లీ మీద స్పష్టంగా ఒక బాణం ఉంటుంది. ఎవరైనా దాన్నే పెడతారు. అది తప్పు. బెల్ట్ కోసం పెట్టాల్సింది పుల్లీ వెనక అంచున పన్ను మీద ఉండే చిన్న గీత. అది సరిగ్గా పెట్టినప్పుడు ఏ పిస్టనూ పైన ఉండదు, నాలుగూ మధ్యలో ఉంటాయి. మార్కు అంటే మొదటి పిస్టన్ టీడీసీ అన్న నియమం అక్కడ పనిచెయ్యదు. వాల్వులు దెబ్బ తినకుండా ఉండేందుకు అది అనుకూలం కూడా.

మిత్సుబిషి 4జీ63లో ఇంకో రకం మెలిక. అందులో ఆయిల్ పంప్ పుల్లీ, ఇంజన్ వణుకును తగ్గించే ఒక బ్యాలెన్స్ షాఫ్ట్‌ను కూడా తిప్పుతుంది. పంప్ పుల్లీ మార్కు సరిగ్గానే కూర్చుంటుంది, లోపల షాఫ్ట్ మాత్రం అర చుట్టు తప్పి ఉండొచ్చు. బయట నుంచి చూస్తే తెలిసే దారి లేదు. బ్లాక్ పక్కన ఒక ప్లగ్ విప్పి, 8 మి.మీ. మందం ఉన్న స్క్రూడ్రైవర్ దూర్చి చూడాలి. 60 మి.మీ. లేదా అంతకన్నా లోపలికి వెళ్తే షాఫ్ట్ సరిగ్గా ఉంది. 20, 25 మి.మీ. దగ్గరే ఆగిపోతే పంప్ పుల్లీని ఒక చుట్టు తిప్పి మళ్లీ చూడాలి. ఇది తప్పితే ఇంజన్ నడుస్తుంది, కానీ ఆగకుండా వణుకుతుంది. మౌంటింగులు మార్చినా ఆ వణుకు పోదు.

కాబట్టి మీ ఇంజన్ కోడ్‌కు సరిపడే వర్క్‌షాప్ మాన్యువల్ పేజీలు రెండు మూడు ప్రింట్ తీసుకుని షెడ్డుకు వెళ్లడంలో మొహమాటం అక్కర్లేదు. మంచి మేస్త్రి దాన్ని అవమానంగా తీసుకోడు.

ఎలాగూ కవర్ విప్పారు కాబట్టి క్యామ్ సీల్, క్రాంక్ సీల్ కారుతున్నాయేమో చూడండి. బెల్ట్‌కు నూనె తగిలితే రబ్బరు ఉబ్బి పళ్లు ఊడుతాయి. సిటీలో వాటర్ పంప్‌ను కూడా ఈ బెల్టే తిప్పుతుంది. పంప్ బేరింగ్ పట్టేస్తే కొత్త బెల్ట్ కూడా పోతుంది. టెన్షనర్‌ను చెవి దగ్గర పెట్టుకుని తిప్పితే గరగర వినిపిస్తే దాన్నీ మార్చాలి. ఇన్ని భాగాలకు డబ్బు పెట్టాక, కవర్లు బిగించే ముందు మెకానిక్‌ను ఒక్కటి అడగండి: మీ ఎదుట ప్లగ్గులు విప్పి, ఇంజన్ తిరిగే దిశలో క్రాంక్‌ను చేత్తో రెండు చుట్లు తిప్పి, ఆయిల్ పంప్ దగ్గరి గుర్తునూ క్యామ్ గీతలనూ చూపించమనండి. రెండింటికీ ఫొటో తీసుకుని, తేదీ, కిలోమీటర్లు రాసి బండి కాగితాలతో ఉంచుకోండి. తర్వాత ఆ కవర్ విప్పేవాళ్లకు అవి పనికొస్తాయి.